శ్రీపర్వత మహిమలు: అర్థవాద విచారము

కావ్యములయందుఁ గానవచ్చు పర్వతములు రెండు విధములు. మేరువు, లోకాలోకము, మైనాకము మొదలగునవి యొక విధము. వీనిని జూచినవారు లేరు, చూడఁబోవువారును లేరు. కావున మేరువుయొక్క బంగారు చఱులఁ గూర్చిగాని, మైనాకముయొక్క ఱెక్కలఁ గూర్చిగాని సత్యాసత్య వివాదము పుట్టదు. హిమవంతము, వింధ్యము, శ్రీపర్వతము మొదలగునవి రెండవ విధము. ఇవి కంటి కెదుట నున్నవి. త్రోవ యడిగి పోఁదగినవి. తేనెకును, మూలికలకును, తీర్థమునకును జనులు పోవుచునే యున్నవి. అయినను గవులును, బౌరాణికులును, రసవాదులును వీనికిని మేరువునకుఁ దక్కువగాని మహిమలను జెప్పియున్నారు. వివాదము పుట్టునది యిచ్చటనే.

వీనిలో శ్రీపర్వతము తెలుఁగుదేశమునది. అందలి కొన్ని శిలలు లోహములను బంగారు చేయుననియు, అందలి కొన్ని జలములు జరామరణములఁ బాపుననియు, అందలి బిలములఁ జొచ్చిన సాధకుఁడు సిద్ధులతోఁ గలసి విహరించుననియు గ్రంథములు చెప్పుచున్నవి. పల్నాటియందలి మాచవరమువంటి యూరిలో నొక పండితుఁడు పాఠశాలయం దీ మహిమలఁ బ్రస్తావించి చెప్పుచుండఁగా నొక బాలుఁడు లేచి “అయ్యవారూ, ఇదంతా నిజమేనాండీ?” అని యడిగెననుకొనుఁడు. “అబద్ధము” అని చెప్పినచో నా బాలునికి సంస్కృతాంధ్ర వాఙ్మయమునఁ బెద్దభాగము వ్యర్థప్రలాపమై తోఁచును. “నిజము” అని చెప్పినచో వాఁడు పెద్దవాఁడై, గునపము చేఁబూని పాడుగుళ్లలో నిధులకై త్రవ్వువారితోఁ జేరవచ్చును. రెండును బండితునికిఁ దగిన సమాధానములు గావు. మూఁడవ సమాధాన మొకటి మన శాస్త్రములయందే కలదు. దానిని వివరించుటయే యీ వ్యాసమునకుఁ బ్రయోజనము.

మొదట శ్రీపర్వత మనునది యేదో నిర్ణయింపవలయును. మల్లికార్జున భ్రమరాంబలకు నిలయమైన శ్రీశైలమే శ్రీపర్వతమని సంప్రదాయము. పల్నాటికిఁ బశ్చిమమున కృష్ణాతీరమందున్న నాగార్జునకొండయే శ్రీపర్వతమని శాసనపరిశోధకులలోఁ గొందఱు. ఈ రెంటికిని నేరుగాఁ గొలిచినను ఇంచుమించు 60 కిలోమీటర్ల దూరము కలదు. ఒకటి నిజమైనచో రెండవది తప్పు గావలయునని పలువురు తలంచిరి. కాని పర్వతశబ్దము వ్యుత్పత్తిచేతనే యీ చిక్కును గొంత విప్పుచున్నది. పర్వ మనఁగా గణుపు, కీలు, సంధి. చెఱకునకును, వెదురునకును, వ్రేలికిని ఉన్నవి పర్వములు. అట్టి పర్వములు గలది పర్వతమని మత్వర్థమునఁ దప్‌ప్రత్యయముచేత వైయాకరణులు సాధింతురు. శిలలు గలది శైలమైనట్లు, గణుపులు గలది పర్వతము. అనఁగా నొక శిఖరము గాక, శిఖరము వెంట శిఖరముగాఁ బొడవునఁ బోవు కొండలవరుసకు నీ శబ్దము చక్కఁగా నతుకును. వ్యుత్పత్తిమాత్రముచే దేశనిర్ణయము చేయఁ జనదు; రూఢి బలవత్తరము. అయినను రూఢి సందేహాస్పదమైనచోట వ్యుత్పత్తి యొక దారి చూపును.

తెలుఁగునను ఇట్టిదే కలదు. నల్లమల యనునది యొక కొండపేరు గాదు. కృష్ణకును బెన్నకును నడుమ ఉత్తరదక్షిణముగా సాగిన కొండలవరుస కంతకును బేరు. మల యేకవచనమైనను దానిచేఁ దెలియునది సమూహము. శ్రీపర్వతము నట్టిదే యనుకొన్నచో, నాగార్జునకొండ యొక గణుపు, శ్రీశైలము మఱియొక గణుపు. చెఱకు మాత్ర మొక్కటియే.

శాసనప్రమాణ మీ యూహకు విరోధింపదు. 1926వ సంవత్సరమున నాగార్జునకొండ లోయలో శిథిలములు బయల్పడినవి. అచ్చటి ప్రాకృతశాసనములను ఫోగెల్ పండితుఁడు ప్రకటించెను. వానిలో క్రీస్తుశకము 3వ శతాబ్దివాఁడగు వీరపురుషదత్తుని 14వ రాజ్యసంవత్సరమున బోధిసిరి యను నుపాసిక వేయించిన శాసన మొకటి కలదు. సింహళభిక్షువులకై తాను గట్టించిన చైత్యగృహమున్న చోటును దెలుపుచు నామె శ్రీపర్వతమును, విజయపురిని, దానికిఁ దూర్పువైపుననున్న చుళధమ్మగిరి విహారమును బేర్కొన్నది. విజయపురి యిక్ష్వాకుల రాజధాని. చిన్నకొండకు వేఱు పేరుండఁగా, దానిని దనలోఁ జేర్చుకొన్న పెద్దకొండకు శ్రీపర్వతమని పేరుండుటచే, శ్రీపర్వత మొక విశాలప్రదేశనామమని తోఁచుచున్నది.

పురాణములయందు రాజవంశముల లెక్కలోఁ గానవచ్చు “శ్రీపర్వతీయులు” అను మాటయు నిందుల కనుకూలమే. చరిత్రకారులు వీరిని విజయపురి నేలిన యిక్ష్వాకులుగా గుర్తించిరి. పాణిని పర్వతశబ్దముమీఁద ఛప్రత్యయమును విధించి పర్వతీయ రూపమును సాధించెను. మనుష్యుఁ డర్థమైనప్పు డిది నిత్యము. ఫలము, జలము మొదలగునవి యర్థములైనప్పుడు వైకల్పికము. శ్రీపర్వతీయులను వ్యవహార మా జాడలోనిదే. కొండమీఁది పండును గొండవాఁడును శబ్దశాస్త్రమున నొకటిగారు. ఈ భేదము మహిమలను విచారించునప్పుడును జ్ఞాపకముంచుకొనఁ దగినది. మహిమ కొండదా, కొండయందలి మనుష్యునిదా యను ప్రశ్న ముందు రాఁగలదు.

ఇఁక వాఙ్మయమును జూతము. క్రీస్తుశకము 7వ శతాబ్దినాఁటికే శ్రీపర్వతము ఉత్తరదేశపుఁ గవులకు మహిమల గనియై యుండెను. శ్రీహర్షుని రత్నావళియందు శ్రీపర్వతమునుండి వచ్చిన శ్రీఖండదాసుఁడను ధార్మికునివలన వత్సరాజు దోహదవిద్యను నేర్చి, తన నవమాలికాలతను గాలము గాని కాలమునఁ బూయించెను. 8వ శతాబ్దివాఁడగు భవభూతి మాలతీమాధవమున సౌదామిని యను బౌద్ధశిష్యురాలు శ్రీపర్వతమునకుఁ బోయి, కాపాలికవ్రతముఁ బూని మంత్రసిద్ధి నందినది. ఆ నాటకముననే కపాలకుండల మాలతి నెత్తుకొనిపోవునదియు శ్రీపర్వతమునకే, రక్షించునది సౌదామినియే. ఒకే కొండయందు సాధించిన శక్తి యొకతెకు హింసాసాధనము, వేఱొకతెకు రక్షణసాధనము నైనది. శక్తి కొండది, వినియోగము మనుష్యునిది. భవభూతి యీ భేదమును శాస్త్రముగాఁ జెప్పక, కథగాఁ జూపినాఁడు.

వీరందఱికంటె బాణభట్టుఁడు చూపినది విశేషము. హర్షచరితమునం దాతఁడు తన ప్రభువైన హర్షుని, ఆశ్రితుల మనోరథముల సిద్ధింపఁజేయుటయందు శ్రీపర్వతము వంటివాఁడని పొగడెను. ఆ బాణుఁడే కాదంబరియందు చండికాలయమున నున్న ముదుసలి ద్రవిడధార్మికు నొకనిని వర్ణించెను. వాఁడు శ్రీపర్వతమునకు సంబంధించిన వింతకథలను వేలకొలఁది యెఱిఁగినవాఁడు. ఎవఁడో దుష్టవాది యిచ్చిన సిద్ధాంజనముచే వాని కన్నొకటి చెడినది. సరిగాఁ జేయని రసాయనముచేఁ గాలము గాని కాలమున జ్వరము వచ్చినది. ధాతువాదము వానికి వాతమువలెఁ బట్టినది. నిధివాదము వ్యాధివలె ముదిరినది. ఒక కవి, ఒక కొండ. ఒకచోట స్తుతి, ఒకచోట హాస్యము. ఇందు విరోధము లేదు. ఉపమానముగా నిలిచినప్పుడు శ్రీపర్వతము బాణునికి సత్యము. గునపమునకును గాటుకభరిణెకును గమ్యమైనప్పు డదే శ్రీపర్వత మాతనికి రోగహేతువు. ఈ వివేకము 1300 ఏండ్లకుఁ బూర్వమే మనకుఁ గలదని గుర్తింపవలయును.

తెలుఁగుకవులకును శ్రీపర్వత మభిమానవిషయమే. పాల్కురికి సోమనాథుఁడు పండితారాధ్యచరిత్రమున నైదు ప్రకరణములలో నొకదానికిఁ బర్వతప్రకరణమనియే పేరిడి, శ్రీశైలయాత్రను, శివరాత్రికై పోవు భక్తులను, గిరిమహిమను విస్తరించి వర్ణించెను. 15వ శతాబ్దివాఁడగు గౌరన శ్రీశైలమందలి భిక్షావృత్తిమఠాధిపతి కోరికపై నవనాథచరిత్రమును ద్విపదగా రచించెను. దానిని 1937లో మద్రాసు విశ్వవిద్యాలయమువారు కోరాడ రామకృష్ణయ్యగారి పరిష్కరణమునఁ బ్రకటించిరి. శ్రీశైలాలయ ప్రాకారకుడ్యములపైని సిద్ధుల, యోగుల శిల్పములు నేఁటికిని గాననగును. కావున సిద్ధులకథలు గ్రంథస్థములు మాత్రమే గావు. యాత్రికునికి ఱాతిలోఁ గనఁబడునవి.

చీనాయాత్రికుఁడగు హ్యూయన్‌త్సాంగు 7వ శతాబ్దిలో విన్న కథ యొకటి యిట నుదాహార్యము. శాతవాహనరాజు నాగార్జునాచార్యునికై యొక కొండను దొలిపించి సంఘారామమును గట్టించుచుండఁగా ధనము చాలదయ్యెను. అప్పు డాచార్యుఁ డొక దివ్యౌషధరసమును బెద్దఱాళ్లపైఁ జల్లఁగా నవి బంగారయ్యెనఁట. ఆ కొండ యెచ్చటిదను విషయమున విద్వాంసులకు నైకమత్యము లేదు. మాధ్యమికదర్శనకర్తయగు నాగార్జునుఁడును, రసవాదియగు నాగార్జునుఁడును వేర్వేఱు కాలములవారని పరిశోధకులు పెక్కుమంది చెప్పుదురు. శూన్యమును బ్రతిపాదించిన దార్శనికునికిఁ గాలక్రమమున స్వర్ణవాదియొక్క కీర్తి యంటుకొనుట వింతయే. కాని జనశ్రుతికి పేరొకటియైన మనుష్యుఁడును ఒకఁడే.

మహిమలకు లక్షణగ్రంథములవంటివి రసశాస్త్రములు. నిత్యనాథసిద్ధుని రసరత్నాకరమున రసాయనఖండములో నొక యుపదేశము శ్రీశైలసాధనములకే కేటాయింపఁబడినది. ఆనందకందమునను ఇట్టి భాగము కలదు. వీని రచనాపద్ధతి గమనింపఁ దగినది. మొదట దిక్కు చెప్పఁబడును, పిదప దూరము, పిదప గుఱుతు, అనఁగా నొక శిలయో, చెట్టో, మడుఁగో, బిలమో, పిదపఁ జేయవలసిన క్రియ, తుదకు ఫలము. ఇది కావ్యధోరణి గాదు. దారి చూపువాని ధోరణి. తీర్థమాహాత్మ్యములు నడచు మార్గమును నిదియే. దిక్కును దూరమును నిర్దిష్టముగా నున్నవి గాన, ఫలమును అట్లే నిర్దిష్టమని చదువరి భ్రమించును. మాటల కూర్పునుండి పుట్టిన భ్రమ యిది. దిక్కు, దూరము, గుఱుతు ప్రత్యక్షముచేఁ బరీక్షింపఁదగినవి, ఫలము ప్రశంస. రెండును నొకే వాక్యమున నుండుటచే నొకేజాతివి కానేరవు.

ఈ వివేచనమును జక్కఁగాఁ జేసినవారు మీమాంసకులు. విధివాక్యమునకు శేషమై, దానియందుఁ బ్రవృత్తి గలిగించు ప్రశంస అర్థవాదము. అది త్రివిధము. ప్రమాణాంతరముతో విరోధించునది గుణవాదము; యూపస్తంభమే సూర్యుఁడనుట వంటిది. స్తంభము సూర్యుఁడు గాఁజాలదు గాన, నేయి పూసిన స్తంభముయొక్క కాంతిగుణమును మాత్రము గ్రహింపవలయును. ప్రమాణాంతరముచేఁ దెలిసినదానినే చెప్పునది యనువాదము. చలికి మందు నిప్పనుట వంటిది. విరోధమును లేక, వేఱు నిర్ణయమును లేనిది భూతార్థవాదము. వృత్రునిపై నింద్రుఁడు వజ్ర మెత్తెననుట వంటిది. శ్రీపర్వతమహిమల నీ మూఁటియందుఁ బంచి చూచినచో నవి యన్నియు నేకరాశిగా నమ్మఁదగినవియుఁ గావు, త్రోయఁదగినవియుఁ గావని స్పష్టమగును.

మొదట ననువాదము. కొండయందు దివ్యౌషధులున్నవనుట పెక్కుమట్టునకుఁ దెలిసినదానిని జెప్పుటయే. నల్లమల యడవులలో మూలికలు, తేనె, గడ్డలు విస్తారముగాఁ గలవు. వాని జాడలఁ దరతరములుగా నెఱిఁగినవారు చెంచులు. మల్లికార్జునుని “చెంచుమల్లయ్య” యని తమవానిగాఁ జెప్పుకొను జాతి యిది. అడవిదారి తెలియని యాత్రికునికిఁ గొండవాఁడు చూపిన యాకు గాయమును మాన్పినచో, వానికి నది సిద్ధౌషధమును, చూపినవాఁడు సిద్ధుఁడును నగుట సహజము. మహిమ కొండదా, కొండవానిదా యని లోఁగడఁ బుట్టిన ప్రశ్న కిచ్చట సమాధానము దొరకుచున్నది. మందు కొండది, మందని తెలియుట కొండవానిది. గ్రంథములలో రెండవది మఱవఁబడి, మొదటిది మిగిలినది.

శిలలయందు ధనమున్నదనుటయు నీ దేశమున వట్టిమాట గాదు. మాచవరపుసీమకుఁ జేరువనే కృష్ణాతీరమునఁ గొల్లూరను గ్రామముండెను. 17వ శతాబ్దిలో నచ్చటి వజ్రపుగనులను జూచిన తావెర్నియే యను ఫ్రెంచివర్తకుఁడు 60,000 మంది యందుఁ బనిచేయుచుండిరని వ్రాసెను. గులకఱాళ్లను గడిగి, యెండఁబెట్టి, చేతులతో నేఱి, యందొక రాజధనమును గనుఁగొన్న దేశమిది. వినుకొండకుఁ జేరువనున్న అగ్నిగుండాల ప్రాంతమున రాగి, సీసముల ఖనిజములు కలవు. పిడుగురాళ్ల సున్నపుబట్టీలయందు నేఁడును నల్లని ఱాయి కాలి తెల్లనగును. కాలిన దానిపై నీరు చిలికినచో నిప్పు లేకయే కుతకుతలాడి పొడియగును. ప్రతిదినము చూచువారికిది పని. మొదటిసారి చూచువానికి మహిమ. ఇట్టి సీమలో ఱాయి మాఱునను మాట పుట్టుటకు రసవాది కల్పన యక్కఱలేదు, కన్నులు చాలును.

రెండవది గుణవాదము. లోహము బంగారగుట, మనుష్యుఁడు చావకుండుట ప్రమాణవిరుద్ధములు. ఇచ్చట గుణమును గ్రహింపవలయును. నాగార్జునకృతముగాఁ జెప్పఁబడు రసరత్నాకరమున రసకము రాగిని బంగారు చేయుననుటలో వింత యేమని యొక మాట కలదు. ప్రఫుల్లచంద్రరాయిగారు తమ హిందూరసాయనశాస్త్రచరిత్ర రెండవ సంపుటమున, 1909లో, ఈ గ్రంథభాగములను వెలువరించిరి. రసక మనునది యశదము గల ఖనిజము. దానితో రాగిని గాల్చినచోఁ బుట్టునది యిత్తడి. ఇత్తడి బంగారు గాదు, బంగారువన్నె గలది. కావున నావాక్యము స్వరూపముచే నసత్యము, గుణముచే సత్యము. యూపము సూర్యుఁడైనట్లే రాగి బంగారైనది. లోహవిద్య యెఱిఁగినవాఁడు దానిని జదివి యిత్తడి చేయును. ఎఱుఁగనివాఁడు చదివి యిల్లు గుల్ల చేసికొనును.

శ్రీశైలశిఖరమును జూచినవానికిఁ బునర్జన్మము లేదను ప్రసిద్ధియు నిట్టిదే. ఒకనాఁడు శ్రీశైలమునకుఁ బోవుట యనఁగాఁ ద్రిపురాంతకము మొదలగు ద్వారక్షేత్రములనుండి దట్టమైన యడవిలో దినములకొలఁది నడచుట. పులులు, జ్వరములు, దారిదొంగలు మార్గమధ్యమున నుండిరి. అట్టి త్రోవయందు శిఖరము కంటఁబడిన క్షణమున భక్తునికిఁ గలుగు నిస్సంగస్థితియే యిట గుణము. యాత్ర విధి, శిఖరదర్శనఫలము దానికి శేషమైన ప్రశంస. విధిని విడిచి ప్రశంసను మాత్రము పట్టుకొన్నవాఁ డర్థవాదమును జదివినవాఁడు గాఁడు.

మూఁడవది భూతార్థవాదము. పిడుగురాళ్ల ప్రాంతమందలి గుత్తికొండబిలమున, పల్నాటియుద్ధానంతరము బ్రహ్మనాయఁడు ప్రవేశించెనని జనులు చెప్పుదురు. ఆయన యందు నేఁటికిని దపస్సు చేయుచున్నాఁడనియుఁ జెప్పుదురు. ఇవి రెండును నొక్కటిగా నమ్ముటయో, యొక్కటిగాఁ ద్రోయుటయో పరిపాటి. శాస్త్రదృష్టి నివి రెండు వాక్యములు. ఆయన బిలముఁ జొచ్చెననుట దేనికిని విరుద్ధము గాదు. ప్రమాణాంతరముచే నిశ్చితమును గాదు. కావున భూతార్థవాదమని యుంచఁదగును. నేఁటికిని జీవించియున్నాఁడనుట విరుద్ధము గాన గుణవాదము. బంధువినాశముఁ గన్న వీరుని వైరాగ్యము, పల్నాటివారి మనస్సున నాతఁడు చావకుండుట, అందలి గుణములు. సున్నపుఱాతి కొండను నీరు తొలిచి చేసిన గుహయది. లోపల నీటిమడుఁగులును గలవు. చీఁకటియు, చల్లదనమును, తుది తెలియమియు నున్నచోట వీరుని కథ నిలుచుటకు వేఱు మాయ యేల? రసగ్రంథములయందలి బిలసిద్ధులకును నిట్టి గుహలే యాధారమైయుండవచ్చును.

కవులకు నీ వివేక మెంత సహజమో తెలుఁగుపాఠకులకుఁ జిరపరిచితమైన మనుచరిత్రము చెప్పును. అందలి కొండ శ్రీపర్వతము గాక హిమవంతమైనను న్యాయ మొక్కటియే. సిద్ధుఁ డిచ్చిన పాదలేపముచేఁ బ్రవరుఁడు క్షణములో హిమవంతముఁ జేరెను. మంచునీటఁ దడిసి లేపము కరఁగిపోవుటతో నిల్లుచేరు దారి లేనివాఁ డయ్యెను. పెద్దన మహిమను మందునకిచ్చి, దానిని హరించుశక్తిని మంచునకిచ్చెను. మంచునకు మాయ లేదు. కరఁగుట, తడుపుట దాని స్వభావము. పర్వతస్వభావము ముందు సిద్ధుని మహిమ నిలువలేదు. కథ యంతయు నీ చిన్న సంగతిమీఁద నడచినది. మహిమను నమ్మించి, యా వెంటనే స్వభావముచే దానిని జెఱుపుట కవి చేసిన పని. పాఠము చెప్పువాఁ డీ చోట నాగి విద్యార్థులచే నాలోచింపఁజేయుట మేలు.

ఈ వివేకము లేమిచేఁ గలుగు నష్టము పుస్తకములతోఁ బోవునది గాదు. గుప్తనిధులకై పాడుగుళ్లను ద్రవ్వుట ఆంధ్రదేశమునఁ దఱచుగా వినఁబడుచున్నది. నంది పగులును, లింగము పెల్లగిలును, శాసనమున్న బండ రెండుముక్క లగును. బంగారు దొరకదు, ఉన్న యక్షరము పోవును. మహిమలఁ జెప్పిన గ్రంథముల నక్షరాల నమ్మువానికైనను నీపని సమ్మతము గానేరదు. రసశాస్త్రములు మొదటనే గురుశిష్యలక్షణములను, రసలింగపూజను విధించినవి. లోభిని ననర్హునిగాఁ జెప్పినవి. విధి పూజ గాఁగా, త్రవ్వువాఁడు చేయునది విధ్వంసము. రాజశాసనమును నిట్లే యున్నది: 1878నాఁటి నిధినిక్షేపముల చట్టము ప్రకారము పది రూపాయలకు మించిన విలువగల నిక్షేపము దొరకినవాఁడు దానిని గలెక్టరునకుఁ దెలుపవలయును.

శ్రీపర్వతమున నిజముగా నిధిని గన్నవాఁ డొకఁడు కలఁడు. 1926లో సూరపరాజు వేంకటరామయ్యగారను స్థానిక పాఠశాలోపాధ్యాయుఁడు నాగార్జునకొండ లోయలో నొక ప్రాచీనస్తంభమును జూచి, దానిని బెకలింపక, పగులఁగొట్టక, మద్రాసు పురావస్తుశాఖవారికిఁ దెలియఁజేసెను. ఆ వార్తవలననే విజయపురి బయల్పడినది. ఇక్ష్వాకుల వంశావళి తెలిసినది. బోధిసిరి మాట వినఁబడినది. లాంగుహర్స్టుదొర 1927 మొదలు 1931 వఱకు నచ్చటఁ ద్రవ్వకములు జరిపెను. 1954 మొదలు 1960 వఱకు ఆర్. సుబ్రహ్మణ్యంగారి యాధ్వర్యమున లోయ యంతయుఁ బరిశోధింపఁబడినది. కాశ్మీరగాంధారములనుండి సింహళము వఱకు సంబంధము గల యొక విద్యాస్థానము శ్రీపర్వతమున నుండెనని దానివలనఁ దేలినది. రసవాదులు చెప్పిన మహిమలలో నేదియు దీనితో సరిగాదు.

ఆ లోయ నేఁడు లేదు. 1955 డిసెంబరు 10న శంకుస్థాపన జరిగిన నాగార్జునసాగరపు నీరు దానిని ముంచినది. కొండశిఖరము ద్వీపమై నిలిచినది. కొన్ని కట్టడములు శిఖరముమీఁదను, అనుపునందును మరల నిర్మింపఁబడినవి. కొల్లూరును పులిచింతల జలాశయమున మునిఁగినది. పల్నాటి కిరుప్రక్కల రెండు ప్రత్యక్షప్రమాణము లిట్లు జలగర్భమునఁ జేరఁగా, మిగిలిన గుళ్లు, బిలములు, బండలు, వానిఁ గూర్చిన గ్రంథములు మునుపటికంటె నమూల్యములైనవి. గ్రంథమును సరిగాఁ జదువుటయు, గుడిని జెడనీయకుండుటయు నిపు డొకే పనియొక్క రెండు భాగములు.

కావున మాచవరపు బాలుని ప్రశ్నకు “నిజమా, అబద్ధమా” యను రెండు మాటలు చాలవు. “ఇందులోఁ జూచి తెలిసికొనఁదగిన దేది? గుణముకొఱకుఁ జెప్పిన దేది? విని యుంచుకొనఁదగిన దేది?” యని వానినే మూఁడు ప్రశ్నలఁ దిరిగి యడుగవలయును. ఆ మూఁటిని వేఱుపఱుచుట నేర్చిన బాలుఁడు శ్రీపర్వతమునకుఁ బోయినప్పుడు గునపముఁ గొనిపోఁడు. అక్షరమున్న ఱాయి కనఁబడినచో నలుగురికిఁ జెప్పును. ఈ విచారమునం దేవేని లోపములున్నచో విద్వాంసులు సవరింతురుగాక.